గోదావరి చిత్రకారుడు దామెర్ల రామారావు



ఈ పూట ఒక చిత్రకారుడి గురించి చెబుతాను. రేడియోలో బొమ్మల గురించి ఏం చెబుతావయ్యా, మాకేమైనా కనబడతాయా అని మీరు అడగవచ్చు. కనబడవు. నా దగ్గర మాటలే ఉన్నాయి. అయినా మన బళ్ళారి వాళ్ళకు మాటతో దృశ్యం కట్టుకోవడం ఒకరు నేర్పాలా? నాటకాల ఊరు మనది. పద్యం ఎత్తుకుంటే రాజసభ కళ్ళముందుకు వచ్చేది మన పెద్దలకు. ఆ ధైర్యంతోనే మొదలుపెడుతున్నాను.

ఆ చిత్రకారుడి పేరు దామెర్ల రామారావు. ఊరు రాజమండ్రి. పుట్టింది 1897 మార్చి 8న. పోయింది 1925 ఫిబ్రవరి 6న. ఇంకొక్క నెల బతికి ఉంటే 28 ఏళ్ళు నిండేవి. నిండలేదు. మశూచి సోకి చనిపోయాడు.

మరోసారి చెబుతున్నాను, గుర్తుపెట్టుకోండి. దామెర్ల రామారావు. రాజమండ్రి. 28 నిండకుండానే పోయాడు. బొంబాయిలో చదువు ముగించుకున్నాక అతనికి మిగిలింది దాదాపు అయిదేళ్ళే. ఆ కాస్త వ్యవధిలో చేసిన పనికే ఆధునిక ఆంధ్ర చిత్రకళ అనగానే మొదట అతని పేరు చెబుతారు.

రాజమండ్రి ఎక్కడ, బళ్ళారి ఎక్కడ? అది గోదావరి, ఇది తుంగభద్ర, హగరి. అది పచ్చటి డెల్టాకు తలవాకిలి, ఇది బండలూ నల్లరేగడీ. ఈ రోజు చూస్తే రెండు ఊళ్ళూ రెండు రాష్ట్రాల్లో ఉన్నాయి. కానీ రామారావు బతికిన కాలంలో రెండూ ఒకే మద్రాసు ప్రెసిడెన్సీలోవే. 1953లో కదా బళ్ళారి మైసూరు వైపు వెళ్ళింది, ఆదోని, ఆలూరు, రాయదుర్గం ఆంధ్ర వైపు వచ్చాయి. అంతకుముందు అంతా ఒకే జిల్లా. కాబట్టి రామారావు మనకు పరాయివాడేమీ కాదు.

ఇంకో సంగతి. రామారావు అక్కడ కుంచె పట్టిన రోజుల్లోనే ఇక్కడ మన బళ్ళారి రాఘవ రంగస్థలం మీద ఉన్నాడు. రాఘవ ఏం చేశాడో మీకు తెలుసు. గంట గంట రాగాలు తీసే నాటకంలోకి మనిషి మాట్లాడే మాటను తెచ్చాడు. కోపం వస్తే మనిషి ఎలా ఉంటాడు, అనుమానం వస్తే కన్ను ఎటు తిరుగుతుంది, అది చూసి నటించాడు. రామారావు రంగులతో చేసింది కూడా ఆ పనే. ఎదురుగా ఉన్న మనిషిని చూసి గీశాడు. ఇది ఇప్పుడు వింటే పెద్ద విశేషంగా తోచదు. ఆ రోజుల్లో విశేషమే. ఎందుకో చెబుతాను.

అప్పట్లో మామూలు జనానికి రంగుల బొమ్మ ఎక్కడ కనబడేది? రెండు చోట్ల. ఒకటి, గోడకు తగిలించిన అచ్చు పటం. రాజా రవివర్మ పెట్టించిన ముద్రణాలయం పుణ్యమా అని లక్ష్మీ, సరస్వతీ అచ్చు పటాల రూపంలో పూజగదిలోకి వచ్చేశారు. రెండోది, నాటకం తెర. ఈ రెండోది మన ఊరి సొత్తు. ఒక తెర మీద దర్బారు, ఒక తెర మీద అడవి, ఒక తెర మీద వీధి. స్తంభాలు దూరం పోయేకొద్దీ చిన్నవైపోతూ, వీధి చివర సన్నగా ముగిసిపోతూ ఉండేది. బట్ట మీద లోతు కనిపించడం అంటే ఏమిటో మన జనానికి ముందుగా తెలిసింది ఆ తెరల మీదే అని నా అభిప్రాయం. బళ్ళో కాదు, మ్యూజియంలో కాదు. నాటకం పందిట్లో.

అయితే ఆ తెరల్లో, ఆ పటాల్లో మన వీధి ఉండేది కాదు. ఆ దర్బారు ఏ దేశపు దర్బారో. ఆ తోటలోని చెట్లు ఎక్కడివో. అంతా గొప్పే, అంతా అందమే, ఏదీ మనది కాదు. బావి దగ్గర కడవ ఎత్తుకునే మన ఇంటి ఆడమనిషి బొమ్మకు పనికొస్తుందని ఎవరికీ తట్టలేదు. రామారావుకు తట్టింది.

ఎలా తట్టింది? ఇక్కడ ఒక ఇంగ్లీషు మాస్టారి కథ చెప్పాలి.

రాజమండ్రి ఆర్ట్స్ కాలేజీకి ఆస్వాల్డ్ కూల్డ్రే అనే ఆయన ప్రిన్సిపాలుగా వచ్చాడు. 1909 నుంచి 1919 దాకా పదేళ్ళు పనిచేశాడు. కవి, రచయిత, స్వయంగా నీటిరంగుల చిత్రకారుడు. దొరలందరూ క్లబ్బుకు పోతే ఈ దొర కుర్రాళ్ళను వెంటబెట్టుకుని గోదావరి గట్టుకు పోయేవాడు. చుట్టూ చేరిన కుర్రాళ్ళు ఎవరనుకున్నారు? ఒకడు అడివి బాపిరాజు. తర్వాత నవలలు రాసి, బొమ్మలు వేసి పేరు తెచ్చుకున్నాడే, ఆయనే. ఒకడు కవికొండల వెంకటరావు, కవి. ఒకడు వరద వెంకటరత్నం, చిత్రకారుడు. ఆయన పేరు కాస్త గుర్తుంచుకోండి, మళ్ళీ వస్తుంది. ఆ గుంపులో ఒకడు మన రామారావు. వైద్యుడి కొడుకు. పుస్తకం మీదకన్నా కాగితం మీద బొమ్మ మీదే ధ్యాస.

కూల్డ్రే ఆ పిల్లవాణ్ణి అజంతాకు తీసుకువెళ్ళాడు. గుహల గోడల మీద వెయ్యేళ్ళకు పైబడిన బొమ్మలు చూపించాడు. ఒక పక్క యూరప్ పద్ధతిలో వెలుగునీడలు నేర్పాడు, ఇంకో పక్క మన పాత గీతలోని ఒడుపు చూడమన్నాడు. ఆ రెండూ కలిసే రామారావు చేయి తయారైంది.

ఒక ఇంగ్లీషువాడు మన కుర్రాణ్ణి కనిపెట్టాడు అని ఈ కథను కొందరు మరీ మురిసిపోతూ చెబుతారు. నాకు ఆ మురిపెం అంతగా నచ్చదు. రామారావు గీతలు కూల్డ్రే రాకముందే ఉన్నాయి. ఆయన చేసిన మేలు అసలు ఏమిటంటే, ఈ పని బతుకుతెరువుకు పనికిరాదు, మానేసి చదువుకో అనకపోవడం. ఆ మాట అనని పెద్దవాడు ఒక్కడు దొరకడం ఆ రోజుల్లో ఎంత అదృష్టమో, ఈ రోజుల్లో కూడా అంతే.

1916లో రామారావు బొంబాయి వెళ్ళాడు. సర్ జె. జె. స్కూల్ ఆఫ్ ఆర్ట్‌కు. మనకు బొంబాయి అంటే దూరమనిపించదు. గుంతకల్లు పోయి మెయిల్ ఎక్కితే సరి. గోదావరి కుర్రాడికి మాత్రం అది భాష తెలియని ఊరు. ఆ స్కూలు ప్రిన్సిపాలు సెసిల్ బర్న్స్ ఇతను తెచ్చిన బొమ్మలు చూశాడు. చూసి, మొదటి తరగతుల్లో కూర్చోబెట్టకుండా నేరుగా పై తరగతిలో చేర్చుకున్నాడు. 1920లో చదువు ముగించాడు. మొదటి శ్రేణిలో మొదటివాడుగా బయటికి వచ్చాడు.

ఆ స్కూల్లో ఏం నేర్పేవారు? కాసేపు ఆ సంగతి మాట్లాడుకుందాం. ఎందుకంటే వాస్తవికంగా గీయడం అంటే ఉన్నదున్నట్టు దించేయడమే, అందులో ఏముంది, ఫోటో తీస్తే పోలేదా అని చాలామంది అనుకుంటారు. అంత తేలిక కాదు.

ఇప్పుడు మీ ఎదురుగా ఎవరైనా కూర్చుని ఉంటే ఒక పని చేయండి. వాళ్ళ మొహాన్ని కళ్ళు సగం మూసి చూడండి. కనుబొమలు, వెంట్రుకలు, ముడతలు అన్నీ మాయమవుతాయి. రెండే మిగులుతాయి. వెలుగు పడ్డ భాగం, పడని భాగం. చిత్రకారుడు మొదట చూసేది అదే. నీడ ఎక్కడ మొదలవుతుంది, ఎక్కడ ముగుస్తుంది. అది సరిగ్గా కుదిరితే కన్నూ ముక్కూ గీయకముందే ఫలానా మనిషి అని గుర్తుపట్టేస్తాం. అది కుదరకపోతే ప్రతి వెంట్రుకా లెక్కపెట్టి గీసినా ఆ మనిషి కాడు. ఇంకెవరో.

తర్వాత రంగు. మన ఒంటి రంగును ఇంట్లో అందరం చామనఛాయ అని తేల్చేస్తాం. చిత్రకారుడు అలా తేల్చలేడు. కిటికీ వైపున్న చెంప మీద ఆకాశపు చల్లదనం ఉంటుంది. గడ్డం కింద కట్టుకున్న చీర రంగు పైకి తేలుతుంది. ఎర్రచీర అయితే ఎరుపు, పసుపు అయితే పసుపు. చెవి అంచున వెలుగు అవతలి నుంచి పడితే రక్తం రంగు కనిపిస్తుంది. ఇన్ని రంగులు కలిసినా చూసేవాడికి అది ఒక్క ఒంటి రంగుగానే కనబడాలి. అదీ కష్టం.

బొంబాయిలో మనిషిని ఎదురుగా కూర్చోబెట్టి గీయడం, దేహంలోని ఎముకల పొందిక, కండల కదలిక తెలుసుకోవడం, ఇదంతా రామారావు దీక్షగా చేశాడు. అందుకే అతను గీసిన ఆడవాళ్ళ చీర కింద శరీరం ఉన్నట్టు తెలుస్తుంది. నడుము వంగితే బరువు ఏ కాలి మీద పడిందో తెలుస్తుంది. పెన్సిలు గీతల్లో కూడా ఆ బరువు తెలుస్తుంది.

ఇక ప్రకృతి దృశ్యం. రామారావు ప్రాణమంతా గోదావరి మీదే. నీటిరంగుల్లో గీశాడు, నూనెరంగుల్లో గీశాడు. ఈ రెండింటికీ తేడా చెబుతాను, వినండి. నూనెరంగు నిదానం. తప్పు పోతే గీకేసి మళ్ళీ వేసుకోవచ్చు, రేపు వచ్చి సరిచేసుకోవచ్చు. నీటిరంగు అలా కాదు. అందులో తెలుపు అనేది కాగితమే. నీటి మీద ఎండ తళుక్కుమనే చోటును ముందే ఖాళీగా వదిలేయాలి. ఒకసారి రంగు పడిందా, ఆ తళుకు ఇక రాదు. అంటే ఎక్కడ గీయకూడదో ముందే తెలిసి ఉండాలి. మా అవ్వ ముగ్గుపిండి చేతికి తీసుకోకముందే వాకిలంతా ఒకసారి పరికించి చూసేది. నీటిరంగులవాడి చూపు కూడా అలాంటిదే.

గోదావరి కొండల మధ్య నుంచి వచ్చే చోటు మీరు చూసే ఉంటారు, లేదా సినిమాల్లోనైనా చూసి ఉంటారు. పాపికొండలు. దగ్గరి కొండ ఆకుపచ్చ. దాని వెనకది బూడిద రంగు కలిసిన పచ్చ. దాని వెనకది నీలం. ఇంకా వెనకది ఆకాశంలో కలిసిపోతుంది. కొండలన్నీ ఒకే అడవి. రంగు మారింది మధ్యలో ఉన్న గాలి వల్ల, తేమ వల్ల. ఆ గాలిని గీయగలిగినవాడే ప్రకృతి దృశ్య చిత్రకారుడు. ఇది తెలుసుకోవడానికి గోదావరికే పోనక్కరలేదు. తెల్లవారుజామున సండూరు కొండల వైపు చూడండి. దగ్గరికి పోతే ఆ మన్ను ఇనుపరాయి ఎరుపు. ఇక్కడి నుంచి చూస్తే నీలం. ఆ నీలం ఎక్కడి నుంచి వచ్చింది? మీకూ దానికీ నడుమ ఉన్న దూరం నుంచి వచ్చింది.

తూర్పు కనుమల్లో గోదావరిని చూపే అతని చిత్రాన్ని ఆనాటి వైస్రాయి లార్డ్ రీడింగ్ కొన్నాడు. వైస్రాయి కొన్నాడు కాబట్టి అది గొప్పదని నేను చెప్పడం లేదు. ఢిల్లీలో ఉండే మనిషి కూడా ఆగి చూసేలా ఒక తెలుగు నదిని చూపాడు. అందుకని చెబుతున్నాను.

చదువు ముగిశాక రామారావు తిన్నగా ఇంటికి రాలేదు. గుజరాత్, కాఠియావాడ్ తిరిగాడు. అక్కడి జనాన్ని, వాళ్ళ బట్టలను, వాళ్ళ పశువులను గీశాడు. కలకత్తా వెళ్ళాడు. అక్కడ అవనీంద్రనాథ్ టాగూర్ బృందం అప్పటికి వేరే దారి పట్టి ఉంది. యూరప్ నూనెరంగులు మనకెందుకు, అజంతా, మొగలు, రాజపుత్ర చిత్రాలే మన దారి అన్నది వాళ్ళ మాట. అప్పుడు దేశంలో చిత్రకారులు రెండు జట్లు. ఒక జట్టు రవివర్మ వైపు, ఒక జట్టు బెంగాల్ వైపు. రామారావు ఏ జట్టులో చేరాడు? ఏ జట్టులోనూ పూర్తిగా చేరలేదు. బొంబాయి నేర్పిన శరీరాన్ని వదలలేదు, అజంతా నేర్పిన గీతనూ వదలలేదు. గీసింది మాత్రం తన ఊరి వాళ్ళను.

1922లో కలకత్తా ప్రదర్శనలో అతని ‘ఋష్యశృంగ బంధనం’ బహుమతి గెలిచింది. ఋష్యశృంగుడి కథ మీకు తెలిసిందే. పుట్టినప్పటి నుంచి ఆడమనిషి ముఖం చూడకుండా అడవిలో పెరిగిన మునికుమారుడు, అంగరాజు పంపిన వేశ్యల వెంట నగరానికి వచ్చేస్తాడు. ఆ బంధనంలో తాళ్ళు లేవు, సంకెళ్ళు లేవు. ‘సిద్ధార్థ రాగోదయం’, ‘పుష్పాలంకరణ’, ‘నంది పూజ’, ఇవన్నీ పేరున్న చిత్రాలే. 1924లో లండన్ వెంబ్లీలో బ్రిటిష్ సామ్రాజ్య ప్రదర్శన జరిగితే అక్కడికీ అతని బొమ్మలు వెళ్ళాయి.

నన్నడిగితే మాత్రం ఆ పురాణ చిత్రాలకన్నా చిన్నచిన్న నీటిరంగుల గోదావరి దృశ్యాలూ, మామూలు మనుషుల ముఖాలూ ఎక్కువ. పురాణం గీసేటప్పుడు అతను కొంచెం జాగ్రత్తగా, కొంచెం అణకువగా ఉన్నాడనిపిస్తుంది. నది ఒడ్డున కూర్చున్నప్పుడు ఆ సంకోచం లేదు. ఇది నా మాట. మీరు చూసి ఇంకోలా అనుకోవచ్చు.

పేరొచ్చాక బొంబాయిలోనో కలకత్తాలోనో ఉండిపోవచ్చు కదా? ఉండలేదు. రాజమండ్రి తిరిగి వచ్చాడు. అక్కడ చిత్రకళాశాల పెట్టాడు, ఆంధ్ర భారతీయ కళాసమితి నడిపాడు. కుర్రాళ్ళను చేరదీసి నేర్పాడు. ఇంట్లో భార్య సత్యవాణి, చెల్లెలు బుచ్చికృష్ణమ్మ కూడా కుంచె పట్టారు. వందేళ్ళ కిందట, ఆడవాళ్ళు బడికి పోవడమే గొప్ప అనుకునే కాలంలో, ఒక ఇంట్లో ఇద్దరు ఆడవాళ్ళు రంగులు కలుపుకుంటూ కూర్చున్నారు. దిగుమర్తి బుచ్చికృష్ణమ్మ పేరు తెలుగు చిత్రకళ చరిత్రలో ఉంది. ఆమె గురించి విడిగా ఒక ప్రసంగం చేయాలి. ఈ రోజు వ్యవధి చాలదు.

అలా పని ఊపందుకున్న వేళ మశూచి వచ్చింది. 1925 ఫిబ్రవరి 6. నేటి పిల్లలకు మశూచి అంటే తెలియదు, తెలియకపోవడమే మంచిది. ఆ రోజుల్లో ఏ వీధిలోకి వస్తుందో, ఎవరిని తీసుకుపోతుందో ఎవరికీ తెలిసేది కాదు. వైద్యుడి కొడుకునే తీసుకుపోయింది.

ఇక్కడి నుంచి నేను చెప్పే మాట కాస్త శ్రద్ధగా వినండి. నా ప్రసంగమంతా దీనికోసమే.

చిన్న వయసులో పోయిన చిత్రకారుడి బొమ్మలు మామూలుగా ఏమవుతాయి? నాలుగు బంధువుల ఇళ్ళకు పోతాయి. రెండు ఎవరో కొనుక్కుపోతారు. కొన్ని చెదలు తింటాయి, కొన్ని ఇల్లు మారినప్పుడు అటక మీద మిగిలిపోతాయి. నలభై ఏళ్ళకు పేరు కూడా మిగలదు. రామారావు విషయంలో అలా జరగలేదు. ఎందుకు జరగలేదంటే స్నేహితులు జరగనివ్వలేదు. ఇందాక ఒక పేరు గుర్తుంచుకోమన్నాను. వరద వెంకటరత్నం. ఆయన, తక్కిన స్నేహితులు, శిష్యులు, ఇంటివాళ్ళు కలిసి బొమ్మలను చెదిరిపోకుండా ఒక్కచోట ఉంచారు. బడి మూతపడకుండా నడిపారు. రామారావు పేరిట చిత్రశాల నిలబెట్టారు. తర్వాత అది ప్రభుత్వం చేతికి వచ్చింది. వరద వెంకటరత్నం స్వయంగా మంచి చిత్రకారుడు. తన బొమ్మలు తాను వేసుకుంటూనే, స్నేహితుడి బొమ్మలకు కాపలా కాశాడు. ఇలాంటి మనుషుల గురించి పుస్తకాల్లో ఒక్క వాక్యం ఉంటుంది. ఆ వాక్యం వెనక ముప్ఫై నలభై ఏళ్ళ చాకిరీ ఉంటుంది.

మన రాఘవకు అలాంటి వీలు లేదు. నటుడి కళ నటుడితోనే పోతుంది. ‘రైతుబిడ్డ’ వంటి కొన్ని సినిమాల్లో ఆయన కనిపించాడు కాబట్టి సరిపోయింది. లేకపోతే ఆ గొంతు ఎలా ఉండేదో చెప్పేవాళ్ళు కూడా లేకపోదురు. ఆయన పేరిట బళ్ళారిలో రాఘవ కళామందిరం ఉంది, అందులో నాటకాలు ఆడుకుంటున్నాం, సంతోషం. కానీ చిత్రకారుడి కళ అలా కాదు. భద్రపరిస్తే ఉంటుంది. పట్టించుకోకపోతే పోతుంది. ఆ రెండింటికీ మధ్య తేడా కేవలం మనుషులే.

అందుకని మన ఊళ్ళ వైపు ఒకసారి చూద్దాం. బళ్ళారి, ఆదోని, రాయదుర్గం, గుంతకల్లు. ఈ ఊళ్ళలో నాటకం తెరలు గీసినవాళ్ళు ఎంతమంది ఉండేవారో! పాత ఇళ్ళలో తాతల నిలువెత్తు పటాలు గీసినవాళ్ళు, గుడి గోడ మీద, సినిమా బోర్డు మీద, దుకాణం పలక మీద మనుషుల ముఖాలు అచ్చుగుద్దినట్టు దించినవాళ్ళు. వాళ్ళ పేర్లు ఎక్కడ రాసి ఉన్నాయి? పటం కింద మూలన చిన్నగా ఒక సంతకం ఉంటుంది. తెలుగులోనో, కన్నడంలోనో. మనం దాన్ని చదవం. చట్రం పగిలితే పటాన్ని అటకెక్కిస్తాం.

మీ ఇంట్లో అలాంటి చేతిబొమ్మ ఏదైనా ఉంటే ఈ వారంలో ఒకసారి కిందికి దించండి. మెత్తటి పొడిగుడ్డతో దుమ్ము తుడవండి. తడిబట్ట పెట్టకండి, రంగు లేచిపోతుంది. నేరుగా ఎండ పడే గోడకు, చెమ్మ ఎక్కే గోడకు తగిలించకండి. మూలన సంతకం ఉంటే చదివి ఒక కాగితం మీద రాయండి. ఎవరు గీశారు, ఎప్పుడు గీశారు, ఎవరిని గీశారు, ఇంట్లో పెద్దవాళ్ళు ఉండగానే అడిగి రాసి పటం వెనక అంటించండి. పెద్దవాళ్ళు ఉండగానే అంటున్నాను. తర్వాత అడగడానికి ఎవరూ ఉండరు.

పిల్లలెవరైనా నోటు పుస్తకం చివరి పేజీలో బొమ్మలు గీస్తుంటే వద్దనకండి. గీసేది సినిమా హీరోనైనా సరే. కాకపోతే ఒక్క మాట చెప్పండి. ఒరే అబ్బాయ్, ఆ ఫోటో చూసి గీసింది చాలు, ఒకసారి తాతను ఎదురుగా కూర్చోబెట్టుకుని గీయి. మన బళ్ళారి కొండ మీద సాయంత్రం ఎండ పడ్డప్పుడు వెళ్ళి గీయి. అంత పెద్ద ఏకశిల కొండ ఊరి నడిబొడ్డున ఉంది, మన పిల్లల్లో ఎంతమంది దాన్ని కాగితం మీదికి ఎక్కించారు?

ఇక ఎప్పుడైనా పెళ్ళికో, పుష్కరాలకో, పనిమీదో రాజమండ్రి వెళ్ళినప్పుడు గోదావరిలో మునిగి, కోటిలింగాల రేవు చూసి తిరిగి వచ్చేయకండి. ఊళ్ళో దామెర్ల రామారావు చిత్రకళా మందిరం ఎక్కడని అడగండి. గోదావరి గట్టు రోడ్డులోనే ఉంది. చెప్పులు విప్పి ఒక గంట లోపల గడపండి. పెద్ద చిత్రాలు చూశాక చిన్న నీటిరంగుల బొమ్మల దగ్గర ఆగండి. పిల్లలను తప్పకుండా వెంట తీసుకువెళ్ళండి.